వజ్రకీటం తొలిచిన చక్రం

మా పెదనాన్న పూజగదిలో రాగి పళ్ళెంలో నిమ్మకాయంత నల్లరాయి ఒకటి ఉండేది. తగరపువలసలో వేసవి సెలవులంటే నాకు మొదట గుర్తొచ్చేది అదే. అభిషేకం అయ్యాక తడి తుడిచి, దీపం దగ్గరికి జరిపి, "ఈ బెజ్జంలోంచి చూడరా, చక్రం కనిపిస్తాది" అనేవాడు. ఒక కన్ను మూసుకుని చూస్తే నిజంగానే లోపల సన్నటి గీతలు చుట్టలు చుట్టుకుని ఉండేవి. "ఎవరు చెక్కేరు పెదనాన్నా?" అంటే ఒకటే జవాబు: "వజ్రకీటం."

వజ్రకీటమంటే వజ్రంలాంటి పళ్ళున్న పురుగట. గండకీ నదిలో రాళ్ళను తొలిచి, వాటి కడుపులో విష్ణుచక్రం గీస్తుందని పెద్దల మాట. అలాంటి పురుగు లేదు. కానీ ఆ రాతిలో ఒక ప్రాణి ఉందన్నది మాత్రం అక్షరాలా నిజం.

దాని పేరు అమ్మొనైట్. చూడ్డానికి నత్తలా ఉన్నా స్క్విడ్‌లకు, ఆక్టోపస్‌లకు దగ్గర చుట్టం. పెంకు నిండా గదులు. పెరిగేకొద్దీ ముందుకు కొత్త గది కట్టుకుని అందులోకి జరిగేది. మెత్తటి ఒళ్ళంతా చివరి గదిలోనే. వెనక గదుల్లో గాలి ఉండబట్టి నీళ్ళలో తేలేది. రాక్షసబల్లులతో పాటు సుమారు 6.6 కోట్ల ఏళ్ల కిందట ఈ జాతి మొత్తం అంతరించింది. సముద్రపు బురదలో కూరుకుపోయిన పెంకు చుట్టూ మట్టి గట్టిపడి, గుండ్రాయిగా మారి, సాలగ్రామమైంది. హిమాలయాలు లేవకముందు అక్కడ ఉన్నది సముద్రమే. అందుకే 3,700 మీటర్ల ఎత్తున ఉన్న నేపాల్ ముక్తినాథ్ చుట్టుపక్కల ఏరుల్లో సముద్రజీవి దొరుకుతోంది.

ఇదే పెంకును ఇంగ్లండ్‌లోని విట్బీ ఊరివాళ్లు చుట్టచుట్టుకున్న పాము అనుకున్నారు. సెయింట్ హిల్డా పాములన్నిటినీ రాళ్లుగా మార్చేసిందని కథ. మరి తల ఏదని ఎవరైనా అడుగుతారేమోనని వ్యాపారులు రాయికి పాము తల చెక్కి మరీ అమ్మారు! రోమన్లకు అందులో ఈజిప్టు దేవుడు అమూన్ పొట్టేలు కొమ్ములు కనిపించాయి. అమ్మొనైట్ అన్న పేరు అలా వచ్చిందే. కొమ్ము, పాము, చక్రం - మూడింట్లో నా ఓటు చక్రానికే. ఉలి పట్టకుండానే ఒప్పించింది కదా.

రాతిలో గుర్తులు మా ఊరి దగ్గరా ఉన్నాయి. భీమిలి నుంచి బీచ్ రోడ్డు మీద విశాఖ వైపు వస్తే తొట్లకొండ. 1976లో నౌకాదళం సర్వే చేస్తుంటే ఈ బౌద్ధ క్షేత్రం బయటపడింది. తవ్వకాల్లో రోమన్ వెండి నాణేలతో పాటు బుద్ధపాదాలు దొరికాయి. పాదాల మీద స్వస్తికం, శ్రీవత్సం వంటి అష్టమంగళ చిహ్నాలు. బుద్ధుడికి రూపం చెక్కని రోజుల్లో పాదముద్రే ఆయన. అక్కడికెళ్ళిన వాళ్లలో ఎక్కువమంది సముద్రాన్ని ఫొటో తీసుకుని దిగిపోతారు.

చుట్టల మాటొచ్చింది కాబట్టి శంఖం సంగతి క్లుప్తంగా. మామూలు శంఖానికి అద్దంలో బొమ్మలా, ఎదురు వాటంగా తిరిగేది దక్షిణావర్తం. బహు అరుదు. ఆ పేరుతో బజారులో అమ్మేవాటిలో చాలావరకు అమెరికా తీరంలో దొరికే వేరే జాతి గవ్వలు. వాటికి ఆ వాటమే మామూలు. వేలు పోసేముందు జాగ్రత్త.

గీతల్ని ఒంటిమీదే మోసే ప్రాణీ ఉంది. శ్రీకాకుళం దగ్గర శ్రీకూర్మంలో స్వామిది తాబేలు రూపం. ఆ గుడి ఆవరణలోనే నక్షత్ర తాబేళ్లు తిరుగుతుంటాయి. నల్లటి డిప్ప మీద ఒక్కో బొడిపె నుంచి పసుపు గీతలు, ముగ్గులో చుక్క నుంచి లాగినట్టు. ఎండిన గడ్డిలో కదలకుండా కూర్చుంటే ఆ గీతలే దాన్ని దాచేస్తాయి. అందం చూసి దొంగరవాణా చేసేవాళ్లు ఎక్కువై, 2019లో ఈ జాతి అంతర్జాతీయ వ్యాపారాన్ని నిషేధించారు. ఇంట్లో పెంచుకుంటే కేసే.

ఇక మనిషి. ఒంటిమీద గుర్తు లేకపోతే తనే పొడిపించుకున్నాడు. ఆల్ప్స్ మంచులో 1991లో దొరికిన ఎట్జీ అనే మనిషి శవానికి వయసు సుమారు 5,300 ఏళ్లు, ఒంటిమీద 61 పచ్చబొట్లు. మన ఊళ్ళలో ఆ పని ఎరుకల ఆడవాళ్లది. దీపం మసి, ఆకు పసరు, సూదులు. మా నాయనమ్మ ముంజేతి మీద తేలు ఉండేది; చర్మం ముడతలు పడ్డాక తేలు నడుస్తున్నట్టే కనిపించేది. పచ్చబొట్టు ఎందుకు చెరగదో 2018లో ఫ్రాన్స్ పరిశోధకులు ఎలుకల మీద చూపించారు. చర్మంలోని కాపలా కణాలు ఆ రంగును శత్రువనుకుని మింగేస్తాయి, కానీ అరిగించుకోలేవు. ఆ కణం చచ్చిపోతే రంగు బయటపడుతుంది, పక్కనే కొత్తగా వచ్చిన కణం దాన్ని మళ్లీ మింగుతుంది. అంటే నాయనమ్మ తేలును అరవై ఏళ్లు కణాలు చేతులు మార్చుకుంటూ మోశాయన్నమాట.

చివరగా ఉడత. రాముడు వీపు నిమిరితే మూడు చారలు పడ్డాయన్న కథ వాల్మీకిలో లేదు. మన గోన బుద్ధారెడ్డి రంగనాథ రామాయణంలో ఉంది. ఉత్తరాదిన ఎక్కువగా కనిపించే ఉడతకు మాత్రం ఐదు చారలుంటాయి. పెరట్లో జామచెట్టు మీద ఉడత కనిపిస్తే ఓసారి లెక్కపెట్టి చూడండి.