ఆట మధ్యలో స్కిన్ మారిస్తే ఫ్రెండ్‌కి ఎందుకు కనిపించదు? (మైన్‌క్రాఫ్ట్ ఎపిసోడ్ ట్రాన్స్‌క్రిప్ట్)

పోయిన ఎపిసోడ్ కింద ఒకటే ప్రశ్న నలుగురైదుగురు నాలుగైదు రకాలుగా అడిగారు. "అన్నా, కొత్త స్కిన్ పెట్టా. నాకు కనిపిస్తోంది. మా ఫ్రెండ్‌కి మాత్రం నేనింకా స్టీవ్‌లాగే ఉన్నానంట. ఏం చెయ్యాలి?"

దీనికి జవాబు చెప్పే ముందు నేను అడగాల్సింది ఒకటుంది. మీరు ఆడేది జావా ఎడిషనా, బెడ్‌రాక్ ఎడిషనా? కంప్యూటర్‌లో రెండూ దొరుకుతాయి. మామూలుగా ఫోన్‌లో ఆడేవాళ్ళందరిదీ బెడ్‌రాక్. పైకి చూస్తే రెండూ ఒకే గేమ్. కానీ మీ స్కిన్ మీ దగ్గర్నుంచి మీ ఫ్రెండ్ స్క్రీన్ దాకా వెళ్ళే దారి ఉంది చూశారూ, అది రెండిట్లోనూ పూర్తిగా వేరు. ఆ దారి తెలిస్తే మీ సమస్య ఎక్కడ ఆగిందో మీరే పట్టుకోవచ్చు.

ముందు అసలు స్కిన్ అంటే ఏంటో చూద్దాం. అదొక బొమ్మ ఫైల్, అంతే. 64 బై 64 పిక్సెళ్ళ పీఎన్‌జీ. మొత్తం 4096 చుక్కలు. మిఠాయి అట్టపెట్టెని అంచుల దగ్గర విప్పి నేల మీద పరిస్తే ఎలా ఉంటుందో, మీ క్యారెక్టర్‌ని అలా విప్పి పరిచిన బొమ్మ అది. తల 8 బై 8 బై 8 పెట్టె. ఒళ్ళు 8 వెడల్పు, 12 ఎత్తు, 4 మందం. కాళ్ళూ చేతులూ 4 వెడల్పు పెట్టెలు. స్లిమ్ మోడల్ తీసుకుంటే చేతుల వెడల్పు 3కి తగ్గుతుంది. మొహానికి మీకు దొరికేది 64 చుక్కలే. కళ్ళు, మీసం, బొట్టు, ఏం పెట్టుకున్నా అందులోనే సర్దుకోవాలి.

2014లో జావా 1.8 రాకముందు ఈ ఫైల్ 64 బై 32 ఉండేది. అప్పట్లో కుడి చెయ్యికి వేసిన బొమ్మనే తిప్పి ఎడమ చెయ్యికి వాడేవాళ్ళు. ఒక చేతికి వాచీ గీస్తే రెండో చేతికీ వాచీ వచ్చేది! ఇప్పటికీ నెట్‌లో పాత స్కిన్లు చాలా ఉన్నాయి. మీరు దించుకున్న స్కిన్‌లో రెండు చేతులూ అద్దంలో చూసినట్టు ఒకేలా ఉన్నాయంటే అది ఆ కాలం నాటిది అయ్యుండొచ్చు.

1.8తోనే ఇంకో మంచి మార్పు వచ్చింది. అంతకుముందు తలకి మాత్రమే పైన ఇంకో పొర ఉండేది. ఆ తర్వాత ఒంటికి, చేతులకి, కాళ్ళకి కూడా రెండో పొర వచ్చింది. చొక్కా మీద జాకెట్ వేసుకున్నట్టు అన్నమాట. ఈ రెండో పొరని గుర్తుపెట్టుకోండి, దీంతో ఒక పని ఉంది.

మీలో ఇద్దరు లుంగీ స్కిన్ పంపారు. బాగుంది, రంగులు కూడా బాగా కుదిరాయి. కానీ నడిచేటప్పుడు చూడండి, లుంగీ మధ్యలో చీలి ప్యాంటు అయిపోతుంది. ఎందుకంటే రెండు కాళ్ళూ రెండు వేరు పెట్టెలు. స్కిన్ ఆ పెట్టెలకి రంగు వెయ్యగలదు కానీ కొత్త పెట్టెని తయారు చెయ్యలేదు. జడ కూడా అంతే. వీపు మీద గీస్తే తల తిప్పినప్పుడు జడ కదలదు. తల వెనక గీసిన ముక్క కదులుతుంది, వీపు మీద ముక్క అక్కడే ఉంటుంది. ఇంకోటి, స్లిమ్ మోడల్ పెట్టుకుంటే దెబ్బలు తక్కువ తగులుతాయని కొందరి నమ్మకం. తగలాల్సినవన్నీ తగులుతాయి. స్కిన్ ఏదైనా దెబ్బ లెక్క చూసే డబ్బా కొలత ఒకటే.

సరే, జావా సంగతి.

మన ఎంట్రన్స్ పరీక్ష హాల్‌టికెట్ గుర్తుందా? అప్లికేషన్‌లో ఒక ఫొటో పెడతాం, అది హాల్‌టికెట్ మీద అచ్చవుతుంది. ఆ తర్వాత మీరు గుండు చేయించుకున్నా హాల్‌టికెట్ మీద జుట్టు అలాగే ఉంటుంది కదా. జావాలో అచ్చం ఇదే జరుగుతుంది. మీరు లాంచర్‌లోనో వెబ్‌సైట్‌లోనో స్కిన్ పెడితే అది ముందుగా చేరేది మొజాంగ్ వాళ్ళ సర్వర్‌కి. మీరు ఆడే గేమ్ సర్వర్‌కి కాదు. మీరు గేమ్ సర్వర్‌లోకి అడుగుపెట్టినప్పుడు అది మొజాంగ్‌ని అడుగుతుంది, "వచ్చింది నిజంగా ఇతనేనా?" అని. అటు నుంచి మీ పేరు, మీ ఐడీ, మీ స్కిన్ ఎక్కడుందో చెప్పే లింకు, వాటితో పాటు ఒక డిజిటల్ సంతకం వస్తాయి. గేమ్ సర్వర్ వాటిని దాచుకుని లోపలున్న అందరి కంప్యూటర్లకీ పంచుతుంది.

ఇదంతా జరిగేది మీరు లోపలికి వచ్చిన ఆ ఒక్కసారే. మధ్యలో మీరు స్కిన్ మారిస్తే మొజాంగ్ దగ్గర మారుతుంది. గేమ్ సర్వర్ చేతిలో మాత్రం పాత హాల్‌టికెట్టే ఉంటుంది. కాబట్టి సర్వర్ నుంచి బయటికొచ్చి మళ్ళీ ఎక్కండి. అప్పటికీ రాకపోతే గేమ్ మొత్తం మూసి తెరవండి. జావా వాళ్ళకి జవాబు ఇంతే.

మరి ఆ సంతకం ఎందుకు? పూర్వం సర్టిఫికెట్ల మీద గెజిటెడ్ ఆఫీసర్ సంతకం అడిగేవాళ్ళు చూడండి, అలాంటిదే. గేమ్ సర్వర్లు ఎవరైనా పెట్టొచ్చు, మీ పక్కింటబ్బాయి కూడా పెట్టొచ్చు. అతను తన ఇష్టమొచ్చిన లింకు ఇచ్చి "ఇదే ఇతని స్కిన్" అంటే మీ కంప్యూటర్ నమ్మేసి ఆ లింకు తెరిస్తే ఏమవుతుంది? అందుకే సంతకం సరిపోలకపోయినా, లింకు అనుమతి ఉన్న చోటిది కాకపోయినా, మీ గేమ్ ఆ స్కిన్‌ని పక్కన పడేస్తుంది. దాని బదులు డిఫాల్ట్ మొహం పెడుతుంది. ఇదివరకు స్టీవ్, అలెక్స్ ఇద్దరే ఉండేవాళ్ళు. 2022 డిసెంబర్‌లో వచ్చిన 1.19.3 నుంచి తొమ్మిది మంది ఉన్నారు. ఎవరి మొహం రావాలో మీ ఐడీ నంబర్‌ని బట్టి గేమే తేల్చుకుంటుంది.

ఆఫ్‌లైన్ మోడ్ సర్వర్లలో స్కిన్ ఎందుకు రాదో కూడా ఇప్పుడు అర్థమై ఉంటుంది. ఆ సర్వర్ మొజాంగ్‌ని అసలు అడగదు. అడగకపోతే హాల్‌టికెట్ రాదు, స్కిన్ రాదు. పైగా మీ పేరు పెట్టుకుని ఇంకెవడైనా లోపలికి రావచ్చు. స్కిన్ రాకపోవడం కన్నా అది పెద్ద సమస్య.

ఇప్పుడు ఆ రెండో పొర. జావాలో బయటికి వెళ్ళకుండానే, ఆట మధ్యలోనే, అందరికీ కనిపించేలా మార్చగలిగేది ఇదొక్కటి. ఆప్షన్స్‌లో స్కిన్ కస్టమైజేషన్ తెరవండి. కేప్, జాకెట్, రెండు స్లీవ్‌లు, రెండు ప్యాంట్ లెగ్‌లు, హ్యాట్, ఏడు బటన్లు ఉంటాయి. ఒక్కోటీ ఆన్ లేదా ఆఫ్. మీ గేమ్ ఆ ఏడిటినీ ఒక్క బైట్‌లో సర్ది సర్వర్‌కి పంపుతుంది. బొమ్మ ఎవరూ మళ్ళీ పంపక్కర్లేదు, అందరి దగ్గరా ఇప్పటికే ఉంది. ఏ పొర చూపించాలి, ఏది దాచాలి అన్నది మాత్రమే మారుతుంది. కోడ్ రాసేవాడిగా నాకు ఈ గేమ్‌లో బాగా నచ్చిన చిన్న విషయాల్లో ఇదొకటి.

దీన్ని తెలివిగా వాడుకుంటే ఒకే ఫైల్‌లో రెండు వేషాలు వేసుకోవచ్చు. కింది పొరలో మామూలు మొహం, తెల్ల చొక్కా. పై పొరలో ముసుగు, నల్ల కోటు. పై పొర ఆఫ్ చేసి ఊళ్ళో తిరగండి, పని మొదలయ్యాక ఆన్ చెయ్యండి. పేరు మాత్రం తల మీద తేలుతూనే ఉంటుంది, అది దాచాలంటే వంగి నడవడం లాంటివి వేరే ఉన్నాయి.

కొన్ని సర్వర్లలో ఒక కమాండ్ కొడితే స్కిన్ మొత్తం అక్కడికక్కడే మారిపోతుంది. అది స్కిన్స్‌రిస్టోరర్ లాంటి ప్లగిన్ పని. సంతకాన్ని అది ఫోర్జరీ చెయ్యలేదు. ముందే సంతకం అయిన స్కిన్ సమాచారాన్ని తెచ్చి మీ పేరు పక్కన పెడుతుంది. తర్వాత మిగతావాళ్ళ స్క్రీన్ల మీద మిమ్మల్ని ఒకసారి తీసేసి మళ్ళీ చేరుస్తుంది. రెప్పపాటు మీరు మాయమై వస్తారు. మీ స్క్రీన్‌కి మాత్రం "ఇతను మళ్ళీ పుట్టాడు" అని కబురు పంపుతుంది. అందుకే ప్రపంచం ఒకసారి గుప్పుమని మళ్ళీ లోడ్ అయినట్టు అనిపిస్తుంది.

ఇక ఫోన్ వాళ్ళు. బెడ్‌రాక్‌లో దారి తలకిందులు. ఇక్కడ మీ ఫోనే స్కిన్ పిక్సెళ్ళని లాగిన్ సమాచారంతో పాటు నేరుగా పంపేస్తుంది. ఆట మధ్యలో పాజ్ నొక్కి, పక్కన నిలబడున్న మీ క్యారెక్టర్ దగ్గర్నుంచి డ్రెస్సింగ్ రూమ్‌లోకి వెళ్ళి మార్చినా, కొత్త బొమ్మ మళ్ళీ అందరికీ వెళ్తుంది. బయటికి వచ్చి ఎక్కాల్సిన పని లేదు.

మరి ఫ్రెండ్‌కి ఎందుకు కనిపించట్లేదు? బొమ్మ మీ ఫోన్ నుంచే వస్తోందంటే అందులో ఎవరైనా ఏదైనా గీసి పంపొచ్చు. బూతు బొమ్మ పంపొచ్చు, ఒకరి కులాన్ని తిట్టే రాత పంపొచ్చు. చిన్నపిల్లలు ఆడే ఆట ఇది. అందుకే సెట్టింగ్స్‌లో "ఓన్లీ అలో ట్రస్టెడ్ స్కిన్స్" అని ఒక స్విచ్ పెట్టారు. అది ఆన్‌లో ఉన్నవాళ్ళకి గేమ్ స్టోర్‌లోవి కనిపిస్తాయి. గ్యాలరీ నుంచి మీరు ఎక్కించిన సొంత స్కిన్ మాత్రం వాళ్ళకి డిఫాల్ట్ మొహంలా కనిపిస్తుంది. అంటే మార్చాల్సింది మీ ఫోన్‌లో కాదు, మీ ఫ్రెండ్ ఫోన్‌లో. సర్వర్ నడిపేవాళ్ళు కూడా సొంత స్కిన్లని మొత్తంగా ఆపొచ్చు, దానికి వాళ్ళ దగ్గర వేరే సెట్టింగ్ ఉంది. ఆడేది మీ తమ్ముడో చెల్లో అయితే ఆ స్విచ్ ఆన్‌లోనే ఉంచమంటాను. క్లాస్‌మేట్స్ నలుగురే ఉన్న ప్రపంచంలో అయితే ఆఫ్ చేసుకోండి.

అది కాకపోతే చూడాల్సింది వాట్సాప్. నవ్వకండి. స్కిన్‌ని ఫొటోలా వాట్సాప్‌లో పంపితే అది పీఎన్‌జీని జేపెగ్ చేసేస్తుంది. ఖాళీగా ఉండాల్సిన చోట్లు నిండిపోతాయి, రంగులు ఒకదాన్లోకి ఒకటి కారిపోతాయి. 4096 చుక్కల బొమ్మలో నాలుగు చుక్కలు చెడినా మొహం మారిపోతుంది. డాక్యుమెంట్‌గా పంపండి, ఫైల్ చెక్కు చెదరదు.

ఇప్పుడు అసలు భయపడాల్సిన చోటు. స్కిన్ అంటే కొన్ని కేబీల బొమ్మ ఫైల్ అని చూశాం. దాన్ని దించుకోవడానికి ప్రత్యేకంగా ఒక యాప్ ఎందుకు? 2017 అక్టోబర్‌లో సిమాంటెక్ ఒక రిపోర్ట్ ఇచ్చింది. గూగుల్ ప్లే స్టోర్‌లోనే, అంటే ఎక్కడో దొరికిన ఏపీకే కాదు, కనీసం ఎనిమిది యాప్‌లలో సాక్‌బాట్ అనే మాల్‌వేర్ పట్టుకున్నారు. ఇన్‌స్టాల్స్ లెక్క 6 లక్షల నుంచి 26 లక్షల మధ్య. ఆ యాప్‌లు బయటికి చెప్పే పని మైన్‌క్రాఫ్ట్ పాకెట్ ఎడిషన్‌లో క్యారెక్టర్ రూపం మార్చడం. వెనకాల మాత్రం ఫోన్‌ని బయటివాళ్ళ ట్రాఫిక్ వెళ్ళే దారిగా మార్చేవి. గూగుల్ వాటిని తీసేసింది. కానీ ఆ ఐడియా ఎక్కడికీ పోలేదు. స్కిన్ యాప్ మీ కాంటాక్ట్స్, ఎస్‌ఎంఎస్, యాక్సెసిబిలిటీ పర్మిషన్ అడిగిందంటే ఇంకేం ఆలోచించక్కర్లేదు, తీసెయ్యండి. బ్రౌజర్‌లో ది స్కిండెక్స్ లాంటి సైట్ తెరిచి పీఎన్‌జీ దించుకుంటే సరిపోతుంది.

రెండో రకం మోసం డిస్కార్డ్‌లో నడుస్తుంది. "ఫ్రీ కేప్ కావాలా, వెరిఫై చేసుకో" అంటారు. మీ గేమ్ పేరు, ఈమెయిల్ అడుగుతారు. ఒక్క నిమిషంలో మీ మెయిల్‌కి మైక్రోసాఫ్ట్ నుంచి కోడ్ వస్తుంది, అది ఇక్కడ టైప్ చెయ్యమంటారు. ఆ కోడ్ పంపింది నిజంగా మైక్రోసాఫ్టే, కాబట్టి నమ్మేస్తాం. కానీ దాన్ని పుట్టించింది అవతల కూర్చుని మీ మెయిల్‌తో లాగిన్ అవుతున్న మనిషి. ఇచ్చారంటే అకౌంట్ వాడిది. అమ్మానాన్న డబ్బు పెట్టి కొన్న గేమ్, ఆ అకౌంట్‌కి కట్టి ఉన్న మెయిల్, అన్నీ. ఇప్పటికే ఇచ్చేసినవాళ్ళు ఉంటే వీడియో ఆపి ముందు పాస్‌వర్డ్ మార్చండి. అకౌంట్ సెక్యూరిటీ పేజీలో కొత్తగా చేరిన మెయిల్, ఫోన్ నంబర్ ఏమైనా ఉన్నాయేమో చూసి తీసెయ్యండి. అన్ని డివైస్‌ల నుంచి సైన్ అవుట్ కొట్టండి. ఇంట్లో చెప్పడానికి భయమేస్తే అన్నకో అక్కకో చెప్పండి. ఆలస్యం చేస్తే రికవరీ మెయిల్ కూడా వాడు మార్చేస్తాడు.

లుంగీ స్కిన్ పంపిన ఇద్దరికీ ఒక మాట. రెండు కాళ్ళ లోపలి వైపులు కూడా అదే రంగు నింపండి, అంచు గళ్ళు రెండు కాళ్ళకీ ఒకే వరసలో కలపండి. చీలిక పూర్తిగా పోదు కానీ నిలబడినప్పుడు లుంగీలాగే ఉంటుంది. మార్చి మళ్ళీ పంపండి, డాక్యుమెంట్‌గా.