జపాను చలనచిత్రములలో స్త్రీ

జపాను దేశమున చలనచిత్రకళ తొలుత కబుకీ నాటకశాల అడుగుజాడలలో నడచినది. స్త్రీపాత్రలను పురుషులే ధరించుట ఇంచుమించు 1920 వరకు సాగినది. నటీమణులు తెరపైకి వచ్చిన పిదపనే స్త్రీల కష్టసుఖములు నిజరూపమున కనుపించినవి.

వానిలో మిజోగుచి కెంజి 1936లో తీసిన రెండు చిత్రములను మనము ముందుగా చెప్పుకొనవలెను. రెంటను నాయిక యమదా ఇసుజు. మొదటిది 'ఓసాకా విషాదగీతము'. ఇందలి అయాకో ఒక మందుల కంపెనీలో టెలిఫోను ఆపరేటరు. తండ్రి తాను పనిచేయుచోట 300 యెన్నులు అపహరించి చిక్కులలో పడును. ఆ సొమ్ము తీర్చుటకై ఆమె తన యజమానికి ఉంపుడుగత్తె యగును. పిదప సోదరుని చదువునకును ధనము సమకూర్చును. తుదకు పోలీసులకు చిక్కి, విడుదలయై ఇల్లు చేరగా, ఆమె సొమ్ముతో గట్టెక్కినవారే ఆమెను చీదరించుకొందురు.

రెండవది 'గియోను అక్కచెల్లెండ్రు'. గియోను క్యోటో నగరమున గైషాల పేట. ఆటపాటలతో అతిథులను అలరించుట గైషాల వృత్తి. అక్క ఉమెకిచి, దివాలా తీసిన తన పాత పోషకుని ఇంట నుంచుకొని ఆదరించును. చెల్లెలి పేరు ఒమోచా. ఆ మాటకు ఆటబొమ్మ యని అర్థము. తమను ఆటబొమ్మలుగా చూచు పురుషులను తామును అట్లే చూడవలెనని తలచి, ఆమె పలువురిని వంచించును. కథాంతమున అక్కను పోషకుడు విడిచిపోవును. చెల్లెలు, పగబట్టినవాని మూలమున కారునుండి పడి ఆసుపత్రి పాలగును.

మంచితనమునకును ఓటమియే, తెలివికిని ఓటమియే. కావున తప్పు ఆ స్త్రీల గుణములలో లేదు. బ్రతుకుతెరువుకై వారిని పరుల దయకు విడిచిన వ్యవస్థలో నున్నదని మనము గ్రహింతుము. నాటి జపాను చట్టమున అధికారము కుటుంబ పెద్దదే. స్త్రీలకు ఓటుహక్కు 1945లో గాని రాలేదు. మిజోగుచికి ఈ బాధ ఇంటిలోనిదే: పేదరికమువలన అతని అక్కను పరుల కిచ్చివేయగా ఆమె గైషా అయినది.

ఆ 1936లోనే అతని సహాయకురాలు సకానే తజుకో 'హత్సు సుగత' అను చిత్రమును తీసి, జపానున తొలి మహిళా దర్శకురాలైనది. యుద్ధానంతరము ఆమెకు దర్శకత్వము మరల లభింపలేదు. అతని చిత్రములలో పెక్కింట నటించిన తనకా కినుయో 1953లో దర్శకత్వమునకు పూనుకొనగా, స్త్రీల దుఃఖమును అంతగా చిత్రించిన మిజోగుచియే ఆమెను సమర్థింపలేదు. అయినను ఆమె వెనుదీయక, 1962 నాటికి ఆరు చిత్రములు పూర్తిచేసినది.