అసలు చోటుండగా సెట్టెందుకు?

అనంతగిరి ఘాట్‌రోడ్డులో షూటింగంటే చాలామందికి ఓ సందేహం వస్తుంది. కొండలూ కాఫీ తోటలూ ఉన్నవే కదా, ఇక ఆర్ట్ డైరెక్టర్‌కి పనేముంటుంది?

కథ 1970ల నాటిదనుకోండి. సిల్వర్ ఓక్ చెట్లకి పాకిన మిరియాల తీగలు, వాటి నీడన కాఫీ మొక్కలు బాగానే ఉంటాయి. వెనకాల సెల్ టవర్, ఇంటి ముందు నీలం ప్లాస్టిక్ డ్రమ్ము కూడా ఉంటాయి. ఆ డ్రమ్మొక్కటి ఫ్రేములో పడితే చాలు, కాలం కాస్తా తేలిపోతుంది. పైగా పొగమంచు షాటుకీ షాటుకీ మారిపోతుంది. అందుకే ఇల్లు బయటనుంచి కొండమీద తీసి, లోపలి గదులు హైదరాబాద్‌లో సెట్ వేస్తుంటారు. గోడ రంగు, గడప ఎత్తు, కిటికీ ఉన్న వైపు రెండు చోట్లా సరిపోవాలి.

పోలండ్ ప్రొడక్షన్ డిజైనర్ అలన్ స్టార్‌స్కీకీ ఇదే చిక్కొచ్చింది, కాకపోతే చాలా పెద్ద ఎత్తున. 'షిండ్లర్స్ లిస్ట్' (1993) కథ జరిగిన నాజీ శిబిరం స్థలం క్రాకోవ్‌లోనే ఉంది. అక్కడ కెమెరా పెడితే వెనక కొత్త అపార్ట్‌మెంట్లు కనపడతాయి. దాంతో పాడుబడ్డ ఓ రాతి క్వారీలో 34 బారకులు, 7 కాపలా టవర్లతో శిబిరాన్ని మళ్లీ కట్టారు. సెట్ డెకరేటర్ ఎవా బ్రౌన్‌తో కలిసి ఆయన ఆస్కార్ అందుకున్నారు. 'ది పియానిస్ట్' (2002)కి శిథిల వార్సా కావాలి. ఆ నగరాన్ని యుద్ధం తర్వాత తిరిగి కట్టేశారాయె! జర్మనీలో ఖాళీగా పడున్న సోవియట్ సైనిక బారకుల్ని కూల్చి ఆ శిథిలాలు సృష్టించారు.

మనకు తోట తరణి ఉన్నారు. 1949లో మచిలీపట్నంలో పుట్టారు. తండ్రి తోట వెంకటేశ్వరరావు కూడా కళాదర్శకుడే. 'నాయకన్' (1987) కోసం తరణి ముంబై ధారావి మురికివాడని చెన్నై వీనస్ స్టూడియోలో దింపారు. అసలు ధారావి సందులో కెమెరా వెనక్కి జరగాలంటే జాగా ఏదీ? వచ్చేపోయే జనాన్ని ఎవరాపుతారు? సెట్లో అయితే అడ్డొచ్చిన గోడ ఊడదీసి, షాటయ్యాక మళ్లీ నిలబెట్టొచ్చు. 'అర్జున్' (2004)కి మదుర మీనాక్షి గుడిని హైదరాబాద్‌లో వేసిందీ ఆయనే. గుడిలో ఫైట్లు తీయనివ్వరు కదా.

ప్రేక్షకులు ఆ గుడిని చూసి నోరెళ్లబెట్టారు. నన్నడిగితే ధారావే కష్టం. గుడికి శిల్పుల కొలతలున్నాయి. మురికివాడలో ప్రతి రేకూ, ప్రతి మరకా ఎవరో అక్కడ బతికారనిపించేలా పేర్చుకోవాలి. జాతీయ అవార్డు ఆయనకు మొదట తెచ్చిపెట్టింది కూడా ఆ సందులే.