ఆల్చిప్ప ఊరు దాటాలంటే చేప కావాలి

పరదేశపు చిప్ప కృష్ణలోకి దిగిందా అని వెతకబోతే, వంటింటి చిప్ప కథే ఎక్కువ దూరం లాక్కెళ్లింది

పీలర్లు రాకముందు, ఎండాకాలంలో తొక్కుకో మాగాయకో మామిడికాయలు ముందేసుకుంటే చాలా తెలుగిళ్లలో చేతికి అందేది ఆల్చిప్పే. దాని ఉబ్బెత్తు వీపును గరుకు రాతి మీద అరగదీస్తే నడుమ కన్నం పడుతుంది. కన్నం అంచు కత్తిలా తేలుతుంది. కాయ మీద ఆనించి లాగితే చెక్కు పాయలు పాయలుగా కన్నంలోంచి పైకొస్తుంది. దాలిలో ఎర్రగా కాగిన పాలకుండ అడుగు గోకడానికీ అదే చిప్ప. ఆడపిల్ల కళ్లు పెద్దవైతే ఆల్చిప్పల్లా ఉన్నాయంటారు. ఇన్ని పనులకు వాడుకున్న ప్రాణి ఏట్లో ఎలా బతుకుతుందో ఆరా తీసినవాళ్లు మాత్రం తక్కువ.

అయితే పత్రిక డెస్కు అప్పగించిన పని మాగాయ గురించి కాదు. నల్లసముద్రం, కాస్పియన్ ప్రాంతపు జీబ్రా చిప్పలు ఓడల అడుగున నింపే నీళ్లతో అమెరికా చేరి, 1988లో సెయింట్ క్లెయిర్ సరస్సులో బయటపడ్డాయి. అక్కడి నుంచి పాకి మహాసరస్సుల నీటి గొట్టాలను పూడ్చాయి. చైనా వైపు నుంచి బయల్దేరిన బంగారు చిప్ప దక్షిణ అమెరికాను చుట్టబెట్టి, 2024 అక్టోబరులో కాలిఫోర్నియాలోని స్టాక్‌టన్ రేవులో కనబడింది. మరి మన కృష్ణ సంగతేమిటి? ప్రశ్న ఇదీ, గడువు బుధవారం. ముఖచిత్రానికి చారల చారల పరదేశపు చిప్ప బొమ్మ అనుకున్నారు. ఆ బొమ్మ మార్చాల్సి వచ్చింది.

వెతకడానికి మేళ్లచెరువు మంచి చోటు. ఒకప్పటి నల్లగొండ, ఇప్పటి సూర్యాపేట జిల్లాకు దక్షిణపు అంచు. శివరాత్రి జాతరకూ ఎడ్ల పందేలకూ పేరు పడ్డ ఊరు. మిగతా రోజుల్లో సిమెంటు లారీల ఊరు. కృష్ణకు అడ్డంగా కట్టిన పులిచింతల వెనకజలాలు ఈ పక్క నేలనే తడుపుతున్నాయి. నెమలిపురి, అడ్లూరు లాంటి ఊళ్లు ఆ నీళ్ల కోసమే లేచిపోయాయి.

సిమెంటుకు మూలం సున్నపురాయి, అంటే కాల్షియం కార్బొనేట్. ఆల్చిప్పదీ అదే పదార్థం. గుల్లలు కాలిస్తే సున్నం వస్తుంది కాబట్టి ఈ రాయి కూడా పాత చిప్పల దిబ్బేనేమో అనిపిస్తుంది. కాదు. ఇక్కడి నార్జి సున్నపురాయి, భూమ్మీద చిప్ప కట్టుకునే జీవులు పుట్టకముందు సముద్రపు అడుగున పేరుకున్నది. రాయే పెద్దది, చిప్ప చిన్నది.

ఆ చిన్నదాని బతుకులో అసలు మెలిక దాని నడకలో ఉంది. ఆల్చిప్పకు ఒకటే కాలు. చిప్పల సందులోంచి నాలుకలా చాపి, ఇసుకలో గుచ్చి, ఒంటిని ఈడ్చుకుంటుంది. నీళ్లు తీసిన చెరువులో బురద మీద వంకర గీత కనబడితే, దాని చివర ఆల్చిప్ప ఉండొచ్చు. ఈ నడకతో ఏటికి ఎదురెక్కి పై మడుగు చేరడం దాని తరం కాదు. అయినా ఒకే జాతి ఆల్చిప్ప నది పొడవునా, వాగుల పైదాకా ఉంటుంది. ఎలా వెళ్లిందంటే, చేప ఎక్కి.

మగది బీజాన్ని నీళ్లలోకి వదిలేస్తుంది. ఆడది ఊపిరికీ తిండికీ నీళ్లు పీల్చేటప్పుడే ఆ బీజమూ లోపలికి పోతుంది. తల్లి మొప్పల అరల్లో వేలకొద్దీ పిల్లలు తయారవుతాయి. ఒక్కోటి అర మిల్లీమీటరు కూడా ఉండదు. అయినా రెండు బుల్లి చిప్పలూ, వాటిని టపీమని మూసే కండరమూ ఉంటాయి. 1797లో జెన్స్ రాత్కే అనే ప్రకృతి శాస్త్రజ్ఞుడు వీటిని తల్లి మొప్పల్లో చూసి, ఆల్చిప్పను పీడించే పరాన్నజీవులనుకున్నాడు. గ్లోకిడియం పారాసిటికం అని పేరు కూడా పెట్టేశాడు. పిల్లల్ని పట్టుకుని పురుగులన్నాడన్నమాట. పొరపాటు తేలిపోయింది గానీ పేరు పోలేదు. ఆల్చిప్ప పిల్లను శాస్త్రంలో నేటికీ గ్లోకిడియం అనే అంటారు.

రాత్కే పూర్తిగా తప్పూ కాదు. అది పరాన్నజీవే, కాకపోతే ఆల్చిప్పకు కాదు, చేపకు. తల్లి వదిలిన గ్లోకిడియం ఏదో ఒక చేప మొప్పనో రెక్కనో కరిచి పట్టుకుంటుంది. చేప చర్మం దాని మీదుగా పెరిగి చిన్న పొక్కులా కప్పేస్తుంది. ఆ పొక్కులో కొన్ని రోజులో, కొన్ని వారాలో కూచుని ఒళ్లంతా మార్చుకుని, బుల్లి ఆల్చిప్పగా కిందికి రాలుతుంది. ఈలోపు చేప ఎంత దూరం ఈదితే పిల్లకు అంత ప్రయాణం. టిక్కెట్టు లేని ప్రయాణమే గానీ, ఏ బండి పడితే ఆ బండి ఎక్కడానికి లేదు. ఒక్కో జాతి ఆల్చిప్పకు పడే చేపలు కొన్నే. పడని చేపను కరిస్తే దాని ఒంట్లోని రక్షణ శక్తి పిల్లను బయటికి నెట్టేస్తుంది. అమెరికాలో కొన్ని జాతుల తల్లులైతే తమ ఒంటి అంచును చిన్న చేపలా ఆడించి, తినడానికి వచ్చిన పెద్ద చేప మొహాన పిల్లల్ని చల్లుతాయి.

రాలిన చోటు కూడా కలిసిరావాలి. శుభ్రమైన ఇసుక అయితే బతుకు. ఊపిరాడని ఒండ్రు అయితే చావు.

జీబ్రా చిప్పకు ఈ తంటాలేవీ లేవు. దాని పిల్ల చేప అవసరం లేకుండా నీళ్లలో తేలుతుంది. ఏ గట్టి వస్తువు దొరికినా పట్టులాంటి దారాలతో అంటుకుంటుంది. గొట్టం, పడవ, చివరికి అక్కడి నాటు ఆల్చిప్ప వీపు కూడా. మీద వందల్లో పేరుకుంటే నాటు చిప్ప నోరు తెరవలేక, తిండి అందక పోతుంది. సెయింట్ క్లెయిర్ సరస్సులో నాటు ఆల్చిప్పలు దాదాపు ఊడ్చిపెట్టుకుపోయింది ఇలాగే.

చరిత్ర రెండు ముక్కల్లో. మన ఆల్చిప్పల్లో మందంగా, ముడతలుగా ఉండే పరేసియా కొరుగాటాకు 1774లో ముల్లర్, వంటింటికెక్కిన లామెల్లిడెన్స్ మార్జినాలిస్‌కు 1819లో లామార్క్ పేర్లు పెట్టారు. 1915లో ప్రెస్టన్ బ్రిటిష్ ఇండియా మంచినీటి నత్తల, చిప్పల జాబితా అచ్చేశాడు. 1989లో ఎన్.వి. సుబ్బారావు రాసిన చేతిపుస్తకాన్ని జూలాజికల్ సర్వే ప్రచురించింది. ఈలోగా కృష్ణ మెట్లు మెట్లుగా నిలిచిపోయింది. 1957లో ప్రకాశం బ్యారేజీ, 1967లో నాగార్జునసాగర్ కాలువలకు నీళ్లు, తర్వాత శ్రీశైలం, 2013లో 45.77 టీఎంసీల పులిచింతల.

తెలుగు నేలకు పరదేశపు చిప్ప రానే లేదా అంటే, వచ్చింది. నదికి కాదు, విశాఖపట్నం రేవుకు. 1967లో రేవు లోపలి నీళ్లలో కొత్త చిప్ప ఒకటి గుత్తులు గుత్తులుగా కనబడింది. ఆంధ్ర విశ్వవిద్యాలయానికి చెందిన పి.ఎన్. గణపతి, ఎం.వి. లక్ష్మణరావు, ఎ.జి. వర్గీస్ 1971లో ‘కరెంట్ సైన్స్’లో దాని వివరాలు రాశారు. అప్పట్లో కాంజీరియా సల్లీ, ఇప్పుడు మైటిలాప్సిస్ సల్లీ. పుట్టిల్లు కరీబియన్ తీరం. జీబ్రా చిప్పకు వరసకు దాయాది. నెల తిరిగేసరికి పిల్లలు పెట్టే ఈడుకొస్తుంది. ఓడ అడుగులనూ రేవు స్తంభాలనూ మందంగా కప్పేస్తుంది. 1999లో ఇదే జాతి ఆస్ట్రేలియాలోని డార్విన్‌లో దిగితే, అక్కడివాళ్లు పడవల రేవులు మూసి, క్లోరిన్, మైలతుత్తం పోసి మొత్తం చంపేశారు. విశాఖలో అది అలాగే పాతుకుపోయింది.

అలాగని మేళ్లచెరువు భయపడాలా? ఈ కథనానికి అంత నమ్మకం లేదు. మైటిలాప్సిస్ ఉప్పు కలిసిన నీళ్ల ప్రాణి. పులిచింతల దాకా ఓడ రాదు, ప్రకాశం బ్యారేజీ దాటి ఉప్పునీరు ఎక్కదు. ఇక్కడి ఆల్చిప్పకు ఇబ్బంది మరో చిప్ప వల్ల కాదు. దాన్ని మోసే చేప వల్ల, అది రాలే ఇసుక వల్ల.

చేపల్లో వలసలు ముందే జరిగాయి. తిలాపియా 1952లో, మనం బంగారుతీగ అని పిలిచే కార్పు చేపలో బ్యాంకాక్ రకం 1957లో దేశంలోకి వచ్చాయి. అక్వేరియం అద్దాలు గీకడానికి తెచ్చిన సక్కర్ చేప కూడా ఇప్పుడు కృష్ణ వలల్లో పడుతోంది. దాని ముళ్లకు వలలు చిరిగి జాలరులు డెవిల్ ఫిష్ అని తిట్టుకుంటారు. 2016 నుంచి తెలంగాణ ప్రభుత్వం చెరువుల్లో, జలాశయాల్లో ఉచితంగా వదులుతున్న చేపపిల్లల్లో బొచ్చె, రవ్వ, మోసులతో పాటు బంగారుతీగ కూడా ఉంది. జాలరి ఇంటికి అది అన్నం పెడుతుంది, కాదనేదేం లేదు. కానీ నది చేపల కూర్పు మారిన ప్రతిసారీ ఆల్చిప్ప ఎక్కే బళ్ల జాబితా కూడా మారుతుంది. ఆనకట్ట గోడ చేప దారిని ఆపితే ఆల్చిప్ప దారీ అక్కడే ఆగుతుంది.

ఇక నీళ్లు. హైదరాబాదు మురుగు మోసుకొచ్చే మూసీ, మేళ్లచెరువుకు ఎగువన వాడపల్లి దగ్గర కృష్ణలో కలుస్తుంది. మురుగులోని అమ్మోనియాకు పసి ఆల్చిప్పలంత తొందరగా లొంగిపోయే నీటి జీవులు తక్కువ. 2013లో అమెరికా పర్యావరణ సంస్థ మంచినీటిలో అమ్మోనియా పరిమితులను బిగించడానికి ఒక కారణం ఆల్చిప్పలే. ఇసుక తవ్వకం సంగతి చెప్పనే అక్కర్లేదు. లారీకెక్కే ఇసుక ఆల్చిప్పకు ఇల్లు. వెనకజలాల్లో నీరు నిలిచి ఒండ్రు పేరుకుంటే, చెరువుల్లోనూ బతకగలిగిన లామెల్లిడెన్స్ కొంత తట్టుకుంటుంది. పారే నీళ్లు, గట్టి ఇసుక కోరే పరేసియాకే కష్టం.

ఇక్కడ చుట్టం, అక్కడ చొరబాటుదారు

కృష్ణ ఒడ్డు ఇసుకలో వేలి గోరంత, గుండ్రటి, గీతల చిప్పలు దొరుకుతాయి. ఇవి కార్బిక్యులా కుటుంబం. వీటికి చేప అక్కర్లేదు. ఇదే కుటుంబానికి చెందిన తూర్పు ఆసియా జాతి 1938లో అమెరికాలోని కొలంబియా నదిలో బయటపడి, తర్వాత ఆ దేశమంతా పాకింది. అక్కడ దాన్ని చొరబాటుదారుల పట్టీలో రాసుకున్నారు. మన దగ్గర దాని చుట్టాలు తరతరాల సొంత ఇంటివాళ్లు.

పత్తర్‌గట్టిలో పరదేశి

ఆల్చిప్పలో స్వాతి చినుకు పడితే ముత్యమవుతుందని నమ్మకం. నిజానికి ఒంట్లో గుచ్చుకున్నదాని చుట్టూ ఆల్చిప్ప మెరిసే పొరలు చుట్టుకుంటూ పోతే ముత్యం. ఆ గుచ్చే పని మనుషులే చేస్తే పెంపకం. భువనేశ్వర్ దగ్గరి కౌసల్యాగంగలో ఉన్న మంచినీటి చేపల పరిశోధన సంస్థ మన లామెల్లిడెన్స్ రెండు జాతులతో, పరేసియాతో ముత్యాలు పండించింది. బజారును నింపింది మాత్రం హైరియాప్సిస్ అనే చైనా ఆల్చిప్ప. పరదేశపు చిప్పను చూడాలనుకునేవాళ్లకు కృష్ణ ఒడ్డు కన్నా చార్మినార్ పక్క పత్తర్‌గట్టిలోని ముత్యాల దుకాణమే దగ్గర.

చిప్ప చేతికొస్తే

పొడుగ్గా, పల్చగా, అరచేతిలో సరిపోయేంత ఉండి, లోపల కీలు దగ్గర పొడవాటి రేకుల్లాంటి గట్లు ఉంటే లామెల్లిడెన్స్. ఆ పేరుకు అర్థమే రేకుపళ్లది. పొట్టిగా, మందంగా ఉండి, వీపు కొన దగ్గర వంకర టింకర ముడతలుంటే పరేసియా. గోరంత ఉండి ఒత్తుగా అడ్డగీతలుంటే కార్బిక్యులా. నడుమ కన్నం ఉండి, దాని చుట్టూ నున్నగా అరిగి ఉంటే జాతి కోసం తల బద్దలు కొట్టుకోనక్కర్లేదు. ఏదో ఒక ఎండాకాలం అది మామిడికాయలు చెక్కింది.