చిత్రము ఎవరి సొత్తు?

బెంగుళూరునుండి గుంతకల్లునకు బోవు రైలుమార్గమున హిందూపురము, పెనుకొండ, ధర్మవరము ఒకదాని వెనుక నొకటిగా వచ్చును. ఈ మార్గమున కెమెరాలు చేతబట్టి వచ్చువారికి కొదువ లేదు. లేపాక్షి మండపముల పైకప్పుమీది వర్ణచిత్రములను దీసికొని పోవువారు కొందఱు. పెనుకొండ కోటగోడలను దీసికొని పోవువారు కొందఱు. వాన కురియని యేడు బీటలువాఱిన చెఱువును, దాని గట్టుపై తల పట్టుకొని కూర్చున్న రైతును దీసికొని పోవువారు మఱికొందఱు. ఆ చిత్రములు మహానగరముల పత్రికలలో నచ్చుపడును; ప్రదర్శనశాలల గోడల కెక్కును; ఒక్కొక్కప్పుడు బహుమానములను బొందును. తల పట్టుకొనిన రైతుమాత్రము తన చిత్రమును చూడడు. దానిక్రింద వ్రాయబడిన మాటలును అతనివి కావు. సాలునకు సగటున 550 మిల్లీమీటర్ల వానతో బ్రతుకవలసిన ఈ సీమకు నీటికొఱత యెంత నిజమో, తన గోడును తన నోట చెప్పుకొను సాధనముల కొఱతయు నంత నిజము.

ఈ యాచారము క్రొత్తది కాదు. 1876 మొదలు 1878 వఱకు దక్షిణదేశమును పీడించిన ధాతకరవులో, నాడు బళ్ళారి జిల్లాలో జేరియుండిన మన ప్రాంతముతోపాటు దత్తమండలమంతయు నల్లాడిపోయెను. మదరాసు సైన్యమునందలి యధికారియగు విల్లోబీ వాలస్ హూపర్ ఆ కాలముననే క్షామపీడితుల ఛాయాచిత్రములను దీసెను. ఎముకల గూళ్లయిన తల్లులు, బిడ్డలు, వృద్ధులు కెమెరా యెదుట వరుసగా గూర్చుండబెట్టబడిరి. చిత్రము దీసినపిదప వారి కన్నము పెట్టెనా, వచ్చినత్రోవనే పంపివేసెనా యను ఆక్షేపణ నాడే పుట్టినది. ఆ చిత్రములు లేకున్న ఆ ఘోరమునకు కంటియెదుట సాక్ష్య ముండదనుమాట సత్యమే. ఐనను ఆ ముఖములలో నొక్కదాని క్రిందనైన పేరు లేదు. ఆకలి మిగిలినది, ఆకలిగొన్నవారి మాట మిగులలేదు.

దీనికి భిన్నమైన మార్గ మొకటి కలదని, ఆ మార్గమున నలువది యేండ్లు నడువవచ్చునని, తన పనిచే నిరూపించినవారు హైదరాబాదున జన్మించిన శ్రీమతి దీపా ధన్‌రాజ్. 1980లో బెంగుళూరున ఆమెయు, ఆభా భైయా, మీరా రావు, నవ్‌రోజ్ కాంట్రాక్టరు అనువారును గలిసి ‘యుగాంతర్’ అను చలనచిత్ర బృందమును స్థాపించిరి. కాంట్రాక్టరు గారు ఛాయాగ్రహణమున సిద్ధహస్తులు. మణికౌల్ దర్శకత్వమున 1973లో వెలువడిన ‘దువిధా’ చిత్రమునకు కెమెరా పట్టినవారు. స్థిరచిత్రములు దీయుటయందును, అమెరికా నల్లజాతివారి జాజు సంగీతమునందును సమానమైన యనురక్తి గలవారు. 2023లో నొక రోడ్డు ప్రమాదమున వారు గతించిరి. చిత్రము, సంగీతము, ప్రజోద్యమము ఒకే గూటిలో జేరుట కిట్టివారి కలయికయే కారణము.

ఈ బృందమువారి పద్ధతి గమనింపదగినది. కెమెరాను ముందు బెట్టి మనుష్యులను వెనుక వెదకుట వారి మార్గము గాదు. 1981లో దీసిన ‘మోల్కరిన్’ పూనా నగరమున నితరుల యిండ్లలో పాచిపనులు చేయు స్త్రీలు సంఘముగా నేర్పడిన వృత్తాంతము. 1982లో దీసినది నిప్పాణి పొగాకు కార్ఖానాల స్త్రీల గాథ. ఆ ఘాటులో దినమంతయు దగ్గుచు, చాలని కూలికి పనిచేసిన ఆ స్త్రీలు సమ్మెకట్టి నిలిచిన కథను దీయుటకు ముందు, చిత్రకారులు నెలల తరబడి వారి చెంతజేరి వారి మాటలను వినిరి. ఏది చూపవలెను, ఏ సంగతిని మరల నటించి చూపవలెను అను విషయముల నా స్త్రీలతో నాలోచించి నిశ్చయించిరి. పూర్తియైన చిత్రమును ప్రొజెక్టరుతో సంఘముల యొద్దకును గ్రామములకును గొనిపోయి చూపిరి. ఒక యూరి కూలివనితల పోరాటమును మఱియొక యూరి కూలివనితలు తెరమీద జూచి, తమలో దాము చర్చించుకొనిరి. చిత్రమునకు ఫల మిది. బహుమానము దీని తరువాతిమాట.

1983లో హైదరాబాదు ‘స్త్రీశక్తి సంఘటన’ వారితో గలిసి దీసిన ‘ఇది కథ మాత్రమేనా’ తెలుగు చిత్రము. భర్తయింట నొక యిల్లాలు లోలోపల క్రుంగిపోవు విధమును కల్పితకథగా జెప్పినను, సంఘమునందలి స్త్రీలే దానిని తమ యనుభవములనుండి యల్లి, తామే నటించిరి. ఇంటి నాలుగు గోడల నడుమ జరుగు హింస బజారున జెప్పుకొనదగినది కాదని పెద్దలనుకొను దినములలో, అది తెలుగుమాటలలో తెరపై వినబడుట చిన్న సంగతి గాదు.

తరువాతి కృషియు నీ దారినే సాగినది. 1984లో హైదరాబాదున జరిగిన మతకలహముల మూలములను వెదకుచు 1986లో ‘క్యా హువా ఇస్ షహర్ కో’ అను చిత్రము వెలువడినది. 1991 నాటి ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’ కుటుంబనియంత్రణ పేర పేదస్త్రీలపై సాగిన శస్త్రచికిత్సల శిబిరములను చూపెను. ఒకవైపు లెక్కలకొఱకు తొందరపడు యంత్రాంగము, మఱియొకవైపు తమ దేహములనుగూర్చి తామే సంకోచము వీడి మాటలాడుకొను స్త్రీలు. 2011లో దీసిన ‘ఇన్‌వోకింగ్ జస్టిస్’ తమిళనాట మహమ్మదీయ స్త్రీలు తమకు దామే జమాతు నేర్పఱచుకొని న్యాయవిచారణ జరుపుటను చూపినది. 2016 జనవరి 17న హైదరాబాదు కేంద్రీయ విశ్వవిద్యాలయమున రోహిత్ వేముల ప్రాణత్యాగ మొనర్చిన పిదప లేచిన విద్యార్థుల యుద్యమము 2018 నాటి చిత్రమునకు వస్తువైనది. ఎచ్చటను ఆమె బాధితుని మూగవానిగా నిలుపలేదు. మాట యాతనిదే, వినుట చిత్రకారునిది.

సముద్రముల కావలనుండి యొక సాదృశ్యమును దెచ్చుట యుచితము. న్యూయార్కులో కాలిన యిండ్లు, నిరుద్యోగము, పురపాలకుల యుపేక్ష నిండిన బ్రాంక్సు ప్రాంతమున 1973 ఆగస్టు 11న జమైకానుండి వలసవచ్చిన కుటుంబమునకు జెందిన క్లైవ్ కాంప్‌బెల్ అను యువకుడు, ఒక యింటి వినోదసభలో గ్రామఫోను పలకలను క్రొత్తరీతిని త్రిప్పి వాయించెను. హిప్‌హాపు పుట్టుకను లోకు లానాటినుండి లెక్కింతురు. లయకు దగినట్లు ప్రాసలు గూర్చి పలుకు పలుకుబడి, నాట్యము, గోడలపైని వర్ణలేఖనము అందులోని యంగములు. పేదపిల్లలు రైలుపెట్టెలపై వ్రాసిన బొమ్మలను నగరమువారు తుడిచివేయుచుండగా, హెన్రీ చాల్‌ఫాంట్ అను శిల్పి రైలు కదలకముందే వరుసగా ఛాయాచిత్రములు దీసి, వానిని జతపఱచి, పెట్టె నిడివియంతయు నిలుపుచుండెను. ఆ పరిచయముతోనే యతడు నిర్మాతయై, టోనీ సిల్వర్ దర్శకుడుగా, 1983లో ‘స్టైల్ వార్స్’ అను యథార్థచిత్రమును వెలువరించెను. అందు పిల్లలే తమ కళనుగూర్చి వాదింతురు; తల్లులు, పోలీసులు, పురాధ్యక్షుడు ప్రతివాదము చేయుదురు. బ్రాంక్సు పిల్లలును, ‘ఇది కథ మాత్రమేనా’ యందలి తెలుగు స్త్రీలును ఒకే సంవత్సరమున తెర కెక్కుట యాదృచ్ఛికము. ఇరువురి కోరికయు నొక్కటే యగుట యాదృచ్ఛికము గాదు.

ఇది మనకు పరాయివిద్య యని తలపవలదు. ధర్మవరము చేరువనున్న నిమ్మలకుంటలో మేకతోలును పారదర్శకమగునట్లు పదనుచేసి, రంగులు దిద్ది, తెరవెనుక దీపము బెట్టి, పాటతో మాటతో బొమ్మలాడించు కుటుంబములు నేటికిని గలవు. ఆ యూరి కళాకారుడు దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ లభించినది. వెలుగు, నీడ, కదలిక, లయబద్ధమైన మాట. చలనచిత్రమునకు వలయు సామగ్రియంతయు నచ్చట గలదు. రామాయణము నడుమ జుట్టుపోలిగాడును బంగారక్కయు జొరబడి, చూపరుల నవ్వించుచునే ఊరి పెద్దల లోభమును దెప్పిపొడుచుట మన పల్లె లెఱిగినదే. రాత్రియంతయు తెర యెదుట గూర్చున్నది ఆ యూరివారే. తెరమీది పరిహాసము గూడ ఆ యూరివారిని గూర్చినదే. చిత్రము తానున్న యూరికే చెందుట యన నిది.

నేడు తోలుబొమ్మల స్థానమున నరచేతిలో నిముడు ఫోను వచ్చినది. కూలిపనికి బెంగుళూరు రైలెక్కు యువకుని జేబులోను, మగ్గము గుంటలో కాళ్ళుంచి కూర్చున్న నేతగాని ప్రక్కను, పట్టుగూళ్ళ బుట్టతో హిందూపురము మార్కెట్టునకు వచ్చిన రైతుచేతను కెమెరా యున్నది. పెనుకొండ చేరువ ఎఱ్ఱమంచియొద్ద 2019లో కార్ల కర్మాగారము ప్రారంభమైనది. ఆ పరిసరపల్లెల జీవితము మాఱిన విధమును పల్లెవాడే చెప్పవలసియున్నది. మరమగ్గముల పోటీకిని అప్పులకును నడుమ నలుగుచున్న ధర్మవరపు నేతగాని లెక్కను అతని భార్య చెప్పినట్లు మఱియొకరు చెప్పజాలరు. చీరకు వచ్చిన కూలియెంత, నూలు చుట్టిన తన చేతికి వేఱుగా వచ్చినదెంత యను ప్రశ్నకు ప్రత్యుత్తరము ఆమెయొద్దనే యున్నది. ర్యాపు నేడు తెలుగునను వినబడుచున్నది. సీమయాసలోని బిగువును, సామెతలలోని ప్రాసను దానికి జతచేయుటకు మన యువకులు జంకనేల?

సాధనము లభించినంతమాత్రమున సత్యము లభింపదని చెప్పువారు గలరు. ఆ మాట నిజము. క్షణములో దీసి క్షణములో లోకమునకు విసరివేయబడు చిత్రము హూపరు చిత్రముకంటె మేలైనదని చెప్పుట కాధారము లేదు. తీయువాడు మన యూరివాడైనంతమాత్రమున దోపిడి దోపిడి గాకపోదు. చిత్రము వలన వాన కురియదనుటయు సత్యమే. కాని యుగాంతర్ బృందమువారు కోరినది వాన గాదు. ఒంటరిగా బాధపడువారు తమవంటివారు మఱికొందఱు గలరని యెఱుగుటయే వారి కోరిక. ఎఱుకనుండి సంఘము పుట్టును. సంఘమునుండి బేరమాడు శక్తి పుట్టును.

కావున ఈ మూడు పట్టణముల కళాశాలలవారికిని, నేతపనివారి సంఘములకును, గ్రంథాలయములకును మన విన్నపము మూడు మాటలు. తీయుటకు ముందు వినుడు. తీసినదానిని మొట్టమొదట ఏ వీధిలో దీసితిరో ఆ వీధిలో, గోడకు తెల్లని గుడ్డ కట్టియైనను, చూపుడు. అచ్చటివారు కాదన్నదానిని తొలగింపుడు. అంతమాత్రము జరిగిననాడు ధాతకరవునాటి పేరులేని ముఖముల ఋణము కొంతకు గొంత తీఱును. చెఱువుగట్టుపై తల పట్టుకొని కూర్చున్న రైతు తల యెత్తి, తెరవైపు జూచి, ఇది నా మాటయే యనగలుగును.