బాహుబలి చూపిన బాట
సినిమా సిరీస్‌ల విజయానికి మొదటి ఆధారం ప్రేక్షకుడిలో మిగిలే ఆసక్తి. 2015 జులై 10న విడుదలైన ‘బాహుబలి’ తొలి భాగం, బాహుబలిని చంపింది తానేనని కట్టప్ప అనే పాత్ర చెప్పడంతో ఆగింది. ఎందుకు చంపాడన్న ప్రశ్న ఊరూరా జనం నోళ్లలో నానింది. రెండో భాగానికి అదే పెద్ద ప్రచారమైంది. 2017 ఏప్రిల్ 28న వచ్చిన ఆ భాగం ప్రపంచవ్యాప్తంగా వెయ్యి కోట్ల రూపాయల వసూళ్లు దాటిన తొలి భారతీయ చిత్రం.

రెండోది భాష ఎల్లలు దాటడం: తెలుగు, తమిళాల్లో తీసి హిందీ, మలయాళాల్లోకి డబ్బింగ్ చేశారు. మూడోది విస్తరించే లోకం: సినిమాలోని మాహిష్మతి రాజ్య కథ నవలగా, యానిమేషన్‌గా సాగింది.

నాలుగోది దర్శకుడిపై నమ్మకం. ‘బాహుబలి’ దర్శకుడు రాజమౌళి తీయగా 2022లో విడుదలైన ‘ఆర్ఆర్ఆర్’లో ఆదిలాబాద్ గోండు వీరుడు కొమురం భీం పేరున్న పాత్ర జపాన్ ప్రేక్షకులకూ చేరువైంది. సొంత నేల కథకు భారీతనం తోడైతే ప్రపంచం ఆదరిస్తుంది.