కంచె చేను మేసిన కథ

“కంచె చేను మేసిన కాపేమి చేయును?” అని మన పల్లెలలో ఒక సామెత కలదు. పసులు పడి మేసినచో అదలించవచ్చును. కావలికై నాటిన కంచెయే మేయ మొదలిడినచో మొర వినువారెవ్వరు? ఇరువదవ శతాబ్దమున ఈ మొరను శాస్త్రముగా వ్రాసి, అందుకై చెరసాల పాలైనవాడు యుగోస్లావియాకు చెందిన మిలోవాన్ జిలాస్. అతని మాట ఓరుగల్లు సీమవారికి దూరపు సుద్ది కాదు.

నేటి జనగామ జిల్లాలోని కడవెండిలో 1946 జూలై 4వ తేదీన దొర మనుషుల తుపాకికి దొడ్డి కొమరయ్య బలియయ్యెను. అంతట తెలంగాణమంతటను ఒక్క ప్రశ్నయే మారుమ్రోగెను: ఈ భూమి ఎవరిది? దున్నువానిదని రైతాంగము బదులు చెప్పెను. అదే ప్రశ్నను భూపాలపల్లి బొగ్గు గనుల యెదుట నిలిచి అడిగినచో బదులు అంత సులభము కాదు. సింగరేణిలో నూటికి 51 వాటాలు రాష్ట్ర ప్రభుత్వానివి, 49 కేంద్రానివి. కావున గని ప్రజలందరిది. అయినను దిగి త్రవ్వువాడొకడు. ఎక్కడ త్రవ్వవలెనో, ఎంత త్రవ్వవలెనో నిర్ణయించువాడు మరియొకడు. పేరుకు యజమాని యగుటకును, చేతలలో యజమాని యగుటకును నడుమ గల ఈ ఎడమే జిలాస్ విమర్శకు మూలము.

జిలాస్ బయటనుండి రాళ్లు రువ్వినవాడు కాడు. 1911లో మాంటినీగ్రోలో పుట్టి, 1932లో కమ్యూనిస్టు పార్టీలో చేరి, రాజరికపు చెరలో మూడేండ్లు గడపెను. రెండవ ప్రపంచ యుద్ధమున టిటో ప్రక్కన నిలిచి పోరాడెను. 1953లో దేశ ఉపాధ్యక్షులలో ఒకడయ్యెను. ఆ సంవత్సరాంతమున పార్టీ పత్రికయైన ‘బోర్బా’లో వరుసగా వ్యాసములు వ్రాయుచు, పార్టీ పెత్తనము సడలవలెనని వాదించెను. 1954 జనవరిలో వెలువడిన మరియొక వ్యాసమున, ఒక సేనానిని పెండ్లాడిన పడుచు నటిని పెద్ద అధికారుల భార్యలు తమలో కలుపుకొనక వెలివేసిన తీరును వర్ణించెను. వర్గములు పోవునన్న చోట ఈ వెలి ఎక్కడిది? ఆ నెలలోనే జిలాస్ కేంద్రసంఘమునుండి తొలగింపబడెను.

హంగేరీ తిరుగుబాటును సమర్థించినందుకు 1956లో అతనిని చెరలో పెట్టిరి. 1957లో అతని ‘నూతన వర్గము’ అను గ్రంథము న్యూయార్కులో వెలువడగా శిక్ష ఇంకను పెరిగెను. అతనిని ఉంచిన స్రెమ్‌స్కా మిత్రోవిత్సా చెరసాల, రాజుల కాలమున కమ్యూనిస్టుగా అతడు శిక్ష అనుభవించినదే.

ఆ గ్రంథమునందలి వాదము సూటియైనది. ఆస్తి యనగా దస్తావేజు కాదు. వాడుకొనుటకు, అనుభవించుటకు, ఇచ్చవచ్చినట్లు వినియోగించుటకు గల హక్కు. కర్మాగారములు జాతీయమైన పిదప ఈ మూడు హక్కులును పార్టీ అధికారుల చేత చిక్కెను. జీతము పైన కారు, విడిదిగృహము, ప్రత్యేక దుకాణము వారికి సమకూడెను. మన గడీల దొరకు భూమి వలన అధికారము వచ్చెను. ఈ కొత్త దొరకు అధికారము వలన ఆస్తి వచ్చెను. ట్రాట్‌స్కీ అధికారిగణమును ఒక పొరగా మాత్రమే ఎంచెను. జిలాస్ దానిని వర్గమే యనెను. అధికారి తన కుర్చీని కొడుకునకు వ్రాసి ఈయలేడు గదా యని ఆక్షేపించువారు కలరు. అది బలమైన ఆక్షేపణయే. అయితే 1991 తరువాత రష్యాలో ప్రభుత్వపు ఆస్తులు ప్రైవేటు పరమైనపుడు, నిన్నటి నిర్వాహకులు పలువురు నేటి యజమానులైరి.

తెలుగునాట ఈ శంక కొత్తది కాదు. 1929లో కమ్యూనిస్టు ఇంటర్నేషనల్‌నుండి బహిష్కృతుడైన ఎం.ఎన్. రాయ్ వెంట నడచినవారిలో మన గోపీచంద్ కూడ ఉండెను. 1951లో కమ్యూనిస్టు నాయకులు నలుగురు మాస్కో పోయి, తెలంగాణ పోరాటపు భవిష్యత్తును స్టాలిన్‌తో చర్చించిరి. ఆ అక్టోబరులో పోరాట విరమణ ప్రకటింపబడెను. విరమణ వివేకమే కావచ్చును. కాని భూమికై ప్రాణములొడ్డిన పల్లెల గొంతు ఆ గదిలో వినబడలేదు.

కంచె మేసినదని చేనికి కంచెయే వలదనరాదు. ఉమ్మడి ఆస్తి తప్పు కాదు. లెక్క అడుగరాని పెత్తనము తప్పు. సింగరేణిలో 1998నుండి కార్మికులు గుర్తింపు సంఘమును రహస్య ఓటుతో ఎన్నుకొనుచున్నారు. అట్టి ఓటు, ప్రశ్నించు పత్రిక, ఎదిరించు పక్షము జిలాస్ కోరినపుడు అతని దేశమున లేకపోయెను. 1995లో బెల్‌గ్రేడులో అతడు కన్నుమూయునాటికి ఆ దేశమే విచ్ఛిన్నమై యుండెను.

గని ఎవరిదన్న ప్రశ్నకు గేటుమీది బోర్డు చూచి బదులు చెప్పరాదు. లెక్క అడిగిన కార్మికునకు సమాధానము దొరకుచున్నదా, లేదా యని చూచి చెప్పవలెను.